ముగ్గురు చందమామల లోకానికి పంచాంగం ఎలా కట్టాలి?

ప్రశ్న: తీరవాసి, చెన్నై

నేను తెలుగులో ఒక కాల్పనిక నవల రాస్తున్నాను. కథ జరిగే గ్రహం పరిమాణంలోనూ, పగలు రాత్రుల నిడివిలోనూ మన భూమిని పోలినదే. కాని దాని ఆకాశంలో ముగ్గురు చందమామలు ఉంటారు. చంద్రుణ్ణి మామ వరసతో పిలుచుకోవడం మనకు అలవాటు కనుక, ఆ లోకపు జనం కూడా వారిని పెద్దమామ, నడిపిమామ, చిన్నమామ అని పిలుస్తారు. ప్రస్తుతానికి సంవత్సరానికి 360 రోజులు, నడిపిమామకు పున్నమి నుంచి పున్నమికి 12 రోజులు, పెద్దమామకు 30 రోజులు, అందరికంటే దూరాన ఉండి చిన్నగా కనిపించే చిన్నమామకు 180 రోజులు పెట్టుకున్నాను. ఈ అంకెలన్నీ 360ని శేషం లేకుండా భాగిస్తాయి కాబట్టి ఏడాదికి రెండుసార్లు ముగ్గురికీ ఒకే రాత్రి పున్నమి అవుతుంది. ఆ రాత్రి జరిగే ముప్పున్నమి జాతరతో నవల మొదలవుతుంది.

అయితే ఇప్పటివరకు రాసిన అధ్యాయాలను తిరగేస్తే పంచాంగం అలంకారంగా మిగిలిపోయిందే తప్ప, ఆ మనుషుల బతుకుల్లోకి దిగలేదని అనిపిస్తోంది. చెన్నైలో పెరిగిన తెలుగువాణ్ణి కనుక రెండు కాలగణనలు పక్కపక్కనే నడవడం నాకు చిన్ననాటి నుంచి తెలుసు. 2025లో మాకు ఉగాది మార్చి 30న వస్తే, ఎదురింటి తమిళ కుటుంబానికి సంవత్సరాది ఏప్రిల్ 14న వచ్చింది. రెండింటి పేరూ విశ్వావసువే. అయినా మధ్యలో ఉన్న పదిహేను రోజులూ ఒకే అంతస్తులోని రెండు ఇళ్లు రెండు వేర్వేరు సంవత్సరాల్లో ఉన్నాయి. మాకు ఆషాఢం వెళ్లి శ్రావణమాసపు పెళ్లిళ్లు మొదలైనా, వారికి పెళ్లిళ్లు చేయని ఆడి నెల ఇంకా సాగుతూనే ఉంటుంది. ముహూర్తం పెట్టుకోవాలంటే రెండు వైపుల పెద్దలూ కూర్చుని మాట్లాడుకోవలసిందే. నా లోకంలో అలాంటి సజీవమైన పేచీ ఒక్కటి కూడా పుట్టడం లేదు.

అందుకని ఖగోళం తెలిసినవారినీ, పంచాంగ గణితం తెలిసినవారినీ అడుగుతున్నాను. ముగ్గురు మామల్లో నెలను ఎవరితో లెక్కించడం సహజం? వారం ఎక్కడి నుంచి పుట్టాలి? ముగ్గురికీ ఒకే రాత్రి పున్నమి రావడం నిజంగా సాధ్యమేనా? చదువురాని ఒక పల్లెకారు తన బిడ్డ పుట్టినరోజును ఎలా చెప్పుకుంటాడు?

జవాబు: దుర్భిణి

తీరవాసి గారూ, ముందుగా చిన్నమామ సంగతి చూడాలి, ఎందుకంటే మీరు పెట్టిన చోట ఆయన నిలవడు. ఉపగ్రహం తన గ్రహానికి ఎంత దూరంలోనైనా తిరగలేదు. ఒక హద్దు దాటాక గ్రహపు పట్టు సడలి సూర్యుడి లాగుడు పైచేయి అవుతుంది. భూమికి ఆ పరిధి సుమారు 15 లక్షల కిలోమీటర్లు. అందులోనూ, గ్రహం సూర్యుని చుట్టూ తిరిగే దిక్కులోనే తిరిగే ఉపగ్రహం చిరకాలం నిలవాలంటే దాదాపు సగం దూరం లోపలే ఉండాలి. మన చంద్రుడు సగటున 3,84,400 కిలోమీటర్ల దూరంలో భద్రంగా ఉన్నాడు. ఇదే హద్దును కాలంలో చెప్పుకుంటే మీకు ఇంకా పనికొస్తుంది: గ్రహం ఎంత బరువైనదైనా సరే, ఉపగ్రహం ఒక చుట్టు తిరిగే కాలం ఆ గ్రహ సంవత్సరంలో సుమారు ఐదో వంతును మించకూడదు. 360 రోజుల సంవత్సరానికి అది 73 రోజుల దరిదాపు. మన చంద్రుడు నక్షత్రాల మధ్య ఒక చుట్టును 27.32 రోజుల్లో ముగించినా, ఆలోగా భూమి ముందుకు జరగడం వల్ల పున్నమి నుంచి పున్నమికి 29.53 రోజులు పడుతుంది. అదే లెక్కన మీ చిన్నమామకు 180 రోజుల పున్నమి రావాలంటే ఆయన చుట్టుకాలం 120 రోజులు కావాలి. ఆ కక్ష్య చెదిరిపోతుంది.

ముప్పున్నమి విషయంలో గురుగ్రహం మంచి పాఠం చెబుతుంది. 1610లో గెలీలియో చూసిన ఉపగ్రహాలలో అయో 1.77 రోజుల్లో, యూరోపా 3.55 రోజుల్లో, గానిమీడ్ 7.15 రోజుల్లో గురుని చుట్టి వస్తాయి. ఒకటికి రెండు, రెండుకు నాలుగు అన్నట్టున్న ఈ పొందిక యాదృచ్ఛికం కాదు. అవి ఒకదాన్నొకటి లాగుకుంటూ ఆ లయలో బిగుసుకుపోయాయి. ఆ బిగింపు ఫలితంగానే ఆ మూడూ ఎన్నటికీ ఒకే వైపున ఒకే వరుసలోకి రావు. యూరోపా, గానిమీడ్ కలిసిన ప్రతిసారీ అయో సరిగ్గా ఎదుటి వైపున ఉంటుంది. అంకెలు ఇంత శుభ్రంగా కుదిరాయంటే వాటి వెనుక ఇలాంటి ముడి ఉందని అనుమానించాలి, ఆ ముడే మీ జాతరకు అడ్డు కావచ్చు. ముడి లేకపోతే అంకెలు కుదరవు, శేషాలు మిగులుతాయి. రచయితగా మీకు ఆ శేషాలే ఎక్కువ మేలు చేస్తాయని నా నమ్మకం.

చిన్నమామను తీసివేయవద్దు, లోపలికి తెచ్చుకోండి. అంగారకుడి ఉపగ్రహం ఫోబోస్ 7 గంటల 39 నిమిషాల్లో ఒక చుట్టు తిరుగుతుంది. అంగారకుడి రోజు అంతకంటే చాలా పొడవు కనుక అక్కడ నిలబడి చూసేవారికి అది పడమట ఉదయించి తూర్పున అస్తమిస్తుంది. మీ గ్రహకేంద్రం నుంచి సుమారు 20 వేల కిలోమీటర్ల దూరంలో, భూమధ్యరేఖకు సరిగ్గా పైన చిన్నమామను ఉంచితే చుట్టుకాలం దాదాపు 8 గంటలు అవుతుంది. నేలమీదివారికి సుమారు 12 గంటలకు ఒకసారి ఉదయించి, ఐదు గంటల లోపే ఆకాశం దాటిపోతాడు. వంద కిలోమీటర్ల వ్యాసం ఉంటే చాలు, నడినెత్తికి వచ్చినప్పుడు మన చంద్రుడి కంటే కొంచెమే చిన్నగా కనిపిస్తాడు. ఇంత వేగంగా తిరిగేవాడు నెలలకు పనికిరాడు. రాత్రి జాములు చెప్పే గడియారంగా పనికొస్తాడు.

ఇక్కడే మీకు ఒక చక్కని వరం ఉంది. అంత దగ్గరగా తిరిగే చంద్రుడు అర్ధరాత్రి నడినెత్తిన ఉండవలసిన వేళ గ్రహపు నీడలో పడి మాయమైపోతాడు. అయితే గ్రహపు ఇరుసు మన భూమిలాగే ఇరవై మూడున్నర డిగ్రీలు వాలి ఉంటే, పగలు మరీ పొడవైన రోజుల్లోనూ మరీ పొట్టివైన రోజుల్లోనూ ఆయన నీడకు పక్కనుంచి తప్పించుకుంటాడు. పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల దగ్గర మాత్రం ప్రతి చుట్టులోనూ మునుగుతాడు. అంటే చిన్నమామ నడిరేయి కనబడుతున్నాడా, మాయమవుతున్నాడా అన్నదాన్ని బట్టి పల్లెలోని ముసలమ్మ కూడా ఋతువు చెప్పగలదు. గోడమీద పంచాంగం అక్కరలేదు.

సముద్రపు పోటు గురించి ఒక్క మాట. చంద్రుడి వల్ల వచ్చే పోటు అతని సాంద్రతను బట్టీ, ఆకాశంలో ఎంత వెడల్పుగా కనిపిస్తాడన్నదాన్ని బట్టీ ఉంటుంది. సాంద్రతలు సమానమైతే, సమానంగా కనిపించే ఇద్దరు చంద్రులు ఎంతెంత దూరాన ఉన్నా సమానమైన పోటునే తెస్తారు. నడిపిమామ పెద్దమామలో ముప్పాతిక వెడల్పుతో కనిపిస్తే అతని పోటు పెద్దమామ పోటులో నూటికి 42 పాళ్లు ఉంటుంది. మన సముద్రాల్లో చంద్రుడి పోటుతో పోలిస్తే సూర్యుడి పోటుకు ఉన్న వాటా ఇంచుమించు అంతే.

తీరవాసి

దుర్భిణి గారికి కృతజ్ఞతలు. చిన్నమామను గడియారంగా మార్చడం నాకు ఎంతో నచ్చింది. మీరు చెప్పినట్టు శేషాలు మిగిలేలా అంకెలను మార్చాను: సంవత్సరానికి 372.4 రోజులు, పెద్దమామకు పున్నమి నుంచి పున్నమికి 31.4 రోజులు, నడిపిమామకు 11.3 రోజులు. గ్రహపు కక్ష్యను ఇంచుమించు వృత్తంగానే ఉంచాను. ఈ అంకెలతో పంచాంగం ఎలా కట్టాలో గణితం తెలిసినవారు చెప్పగలరా?

జవాబు: తిథివారం

తీరవాసి గారూ, మీరు అనుకోకుండా ఒక అరుదైన పంచాంగాన్ని సృష్టించారు. మన చాంద్రమాన సంవత్సరంలో పన్నెండు నెలలకు సుమారు 354 రోజులే కావడంతో, సూర్యుణ్ణి అందుకోవడానికి దాదాపు ముప్పై రెండున్నర నెలలకు ఒక అధికమాసాన్ని చేర్చుకుంటాం. మీ లోకంలో పెద్దమామ నెలలు పన్నెండు కలిస్తే 376.8 రోజులు, అంటే సంవత్సరం కంటే 4.4 రోజులు ఎక్కువ. అక్కడ నెలను చేర్చడం కాదు, తీసివేయాలి.

దీనికి కొత్త సూత్రం కూడా అక్కరలేదు. సూర్యుడు ఏ రాశిలోకి ప్రవేశిస్తాడో దాన్ని బట్టి చాంద్రమాసానికి పేరు పెట్టడం మన పద్ధతి. ఆ ప్రవేశమే సంక్రాంతి; ఒక సంక్రాంతి నుంచి మరో సంక్రాంతి వరకు సౌరమాసం. సంక్రాంతి లేని నెల అధికమాసం, రెండు సంక్రాంతులు పడిన నెలలో ఒక పేరు క్షయం. మనకు సౌరమాసం సగటున 30.44 రోజులు, చాంద్రమాసం 29.53 రోజులు, అందుకే అధికమాసాలు తరచుగా వస్తాయి. చలికాలంలో సూర్యుడు కాస్త వేగంగా కదులుతున్నట్టు కనిపించి సౌరమాసం కుదించుకుపోయే రోజుల్లోనే క్షయమాసానికి వీలుంటుంది. 1963-64లో ఒకటి, 1982-83లో మరొకటి వచ్చాయి. ఈ తరంలో మరొకటి రాదు. మీ లోకంలో సౌరమాసం 31.03 రోజులే, చాంద్రమాసం 31.4 రోజులు. అదే సూత్రాన్ని అమలు చేస్తే అధికమాసం ఎన్నటికీ రాదు, క్షయమాసం మాత్రం ఏడేళ్ల 51 రోజులకు ఒకసారి తప్పకుండా వస్తుంది. రోజులేవీ ఎగిరిపోవు; ఒక నెల పేరు మాత్రం ఆ ఏడాది పలకబడదు.

మీరు కోరుకున్న పేచీ ఈ 51 రోజుల్లోనే ఉంది. ఏడు సంవత్సరాలకు 2606.8 రోజులు, 83 నెలలకు 2606.2 రోజులు. ఇంత దగ్గరగా కుదిరినప్పుడు పూర్వులు ఎవరో "ఏడేళ్లకు ఒక నెలను విడువుము" అని కట్టుబాటు చేసి ఉంటారు; అది కంఠస్థం చేయడానికి సులువు. సూర్యుణ్ణి చూసి సంక్రాంతి కట్టేవారికి మాత్రం ఆ విడిచే నెల, అంటే లోపమాసం, ప్రతి విడతలోనూ కట్టుబాటు కంటే 51 రోజులు మరింత వెనక పడుతుంది. ఆ మధ్యకాలంలో ఇద్దరికీ చంద్రుడు ఒక్కడే, తిథి ఒక్కటే, నెల పేరు మాత్రం వేరు. మొదటి విడతలో తేడా రెండు నెలలైనా ఉండదు, ఎవరూ పట్టించుకోరు. ఏడు విడతలు గడిచేసరికి దాదాపు ఏడాది పొడుగునా రెండు వర్గాలూ రెండు వేర్వేరు నెలల్లో పండుగలు చేసుకుంటాయి. సుమారు 366 ఏళ్లకు కట్టుబాటువారు పూర్తిగా ఒక నెల తప్పిపోతారు, ఆ తేడా ఇక తగ్గదు. నవలను ఆ 366 ఏళ్లలో ఎక్కడ నిలబెడతారన్నది మీరు జాగ్రత్తగా ఎంచుకోవాలి.

చెన్నైలో ఉన్నారు కనుక కంఠస్థపు పాత వాక్యాలతో లెక్కకట్టే వాక్య పంచాంగానికీ, ఆకాశంలో కనబడేదానికి సరిపెట్టి లెక్కకట్టే దృక్ పంచాంగానికీ నడుమ ఉన్న భేదం మీకు తెలిసే ఉంటుంది. 19వ శతాబ్దంలో మద్రాసు వేధశాలలో పనిచేసిన చింతామణి రఘునాథాచారి ఆకాశంలో కనబడేదానికి సరిపోయే దృగ్గణితం కోసం పాటుపడ్డాడు. అయినా తమిళనాట వాక్య పద్ధతి నేటికీ నిలిచే ఉంది. దాన్ని మూఢత్వమని కొట్టిపారేయడం నాకు ఇష్టం లేదు, ఎందుకంటే వాక్యాల నిర్మాణం అద్భుతమైనది. వరరుచి పేరిట ప్రసిద్ధమైన చంద్రవాక్యాలు 248. చంద్రుడు భూమికి దగ్గరై, దూరమై, మళ్లీ దగ్గరయ్యే కాలం సుమారు 27.55 రోజులు, అలాంటి చుట్లు తొమ్మిది కలిస్తే 248 రోజులు. రోజుకొక చిన్న వాక్యం, దాని అక్షరాలను కటపయాది పద్ధతిలో అంకెలుగా చదివితే ఆ నాటి చంద్రుడి స్థానం. తాటాకు కూడా అవసరం లేకుండా ఆకాశమంతా నోటిలో ఉంటుంది.

మీ ఇద్దరు మామలకు కూడా ఇలాంటి చక్రం దొరుకుతుంది. పెద్దమామ నెలలు 9 అయితే 282.6 రోజులు, నడిపిమామ చుట్లు 25 అయితే 282.5 రోజులు. అంటే ఒక రాత్రి ఇద్దరికీ పున్నమి అయితే, తొమ్మిది నెలల తర్వాత మళ్లీ అలాగే అవుతుంది. ముప్పున్నమి బదులు ఈ జోడుపున్నమిని జాతరగా పెట్టుకోండి. సంవత్సరంతో పొసగదు కనుక ఆ జాతర ప్రతిసారీ సుమారు 90 రోజులు ముందుకు వస్తుంది. ఒకసారి ఎండల్లో, తర్వాతిసారి దానికి ముందు ఋతువులో, ఆ పైన చలిలో జరుగుతుంది. మన ముక్కోటి ఏకాదశికి సౌరమైన ధనుర్మాసమూ, చాంద్రమైన శుక్ల ఏకాదశీ రెండూ కలిసి రావాలి కదా. అలాగే "కోతల కాలంలో పడిన జోడుపున్నమి" అని రెండు షరతులతో ఒక మహాజాతరను ఏర్పరిస్తే, అది ఎప్పుడు వస్తుందో చెప్పగలవారికి ఆ సమాజంలో ఎంత పలుకుబడి ఉంటుందో ఆలోచించండి.

నడిపిమామకు మాత్రం తిథులు పెట్టవద్దని నా సలహా. ముప్పై తిథులు చేస్తే ఒక్కొక్కటి తొమ్మిది గంటలే ఉంటుంది. సూర్యోదయానికి ఉన్న తిథే ఆ రోజు తిథి అనే నియమం పెట్టుకుంటే సగానికి పైగా తిథులు ఏ రోజుకూ దక్కకుండా పోతాయి. ఆయన చుట్టు మొత్తాన్నీ వారంగా తీసుకోండి. పది వారాల్లో ఏడింటికి 11 రోజులు, మూడింటికి 12 రోజులు వేస్తే 113 రోజులకు సరిగ్గా సరిపోతుంది.

జవాబు: సంతబాట

గణితం పెద్దలు చెప్పారు. నేను దాన్ని వాడుకునే మనుషుల గురించి చెబుతాను. ఒక లోకంలో అందరూ ఒకే పంచాంగం వాడతారని అనుకోవద్దు. మన పల్లెల్లో పండుగలు చాంద్రమానం ప్రకారం చేసుకునే రైతే, వ్యవసాయానికి వచ్చేసరికి సూర్యుడి నక్షత్రాన్ని బట్టి నడిచే కార్తెలను పట్టుకుంటాడు. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయన్న సామెత ఏ సంవత్సరమైనా మే నెలాఖరుకు సరిపోవడానికి కారణం అదే. మీ రైతులకు కూడా చంద్రులతో పని తక్కువ. వారికి చిన్నమామ నీడలో మునిగే కాలం, మునగని కాలం చాలు. పల్లెకారులకు ఇద్దరు మామల పోటులూ ఒకటయ్యే రోజులు కావాలి. సంతలు నడిపిమామ పున్నమికి జరగాలి, ఎందుకంటే వెన్నెలలో బండ్లు నడుపుకుని ఇళ్లు చేరవచ్చు. పూజారులకూ, పత్రాలు రాసే కరణాలకూ పెద్దమామ నెలలు కావాలి.

తేదీ చెప్పడం గురించి అడిగారు. చదువురాని మనిషి అంకెతో తేదీ చెప్పడు. "జోడుపున్నమి వెళ్లిన రెండో సంతకు ముందు రోజు, తొలి జాములో పుట్టాడు" అంటాడు. ఆ ఒక్క వాక్యంలో ముగ్గురు మామలూ ఉన్నారు, పాఠకుడికి పట్టిక చూపించవలసిన పని లేదు. జోడుపున్నమి నుంచి జోడుపున్నమికి ఉన్న 282 రోజులు, చివరి నెలసరి నుంచి కాన్పు వరకు వైద్యులు లెక్కించే 280 రోజులకు ఎంత దగ్గరో గమనించారా? మంత్రసానులు ఆ చక్రాన్ని పూజారుల కంటే ముందే కనిపెట్టి ఉంటారని నేను గట్టిగా నమ్ముతాను. మీ నవలలో ఆ విద్య మొదట ఆడవారి చేతిలో ఉండి, తర్వాత గుడికి చేరినట్టు రాస్తే చాలా న్యాయంగా ఉంటుంది.

లోపమాసం విషయంలో డబ్బును మరువవద్దు. నెల జీతానికి కుదిరిన పాలేరుకు ఏడేళ్లలో 83 జీతాలే వస్తాయి. "ఏడాదికి పన్నెండు" అని నోటిమాటగా ఒప్పుకున్న ఆసామి ఎనభై నాలుగో జీతం ఇవ్వాలా, వద్దా? కౌలు ఏడాది లెక్కన, వడ్డీ నెల లెక్కన నడిచే ఊళ్లో, ఏ నెలను లోపంగా ప్రకటించాలన్నది గుడిలో తేలే విషయంగా కనిపించినా, నిజానికి అప్పులిచ్చేవారి అరుగు మీద తేలుతుంది. పలకబడని నెలలో చనిపోయినవారికి మరుసటి ఏడాది తద్దినం ఏ నెలలో పెట్టాలన్న చర్చ కూడా ప్రతి ఇంట్లోనూ జరుగుతుంది, దానికి రెండు వర్గాలూ రెండు సమాధానాలు చెబుతాయి.

తీరవాసి

ముగ్గురికీ మనఃపూర్వకంగా నమస్కారాలు. పాలేరు ఎనభై నాలుగో జీతాన్ని అడిగే రోజుతో నవలను మొదలుపెట్టాలని నిశ్చయించుకున్నాను. కథా కాలాన్ని కట్టుబాటు మొదలైన యాభయ్యో ఏటి దగ్గర, రెండు వర్గాల లోపమాసాలకూ నడుమ దాదాపు ఏడాది తేడా ఉన్న రోజుల్లో పెడతాను. దుర్భిణి గారిని ఒకటి అడగాలి: జోడుపున్నమి రాత్రి ఇద్దరు మామలకూ గ్రహణం పడుతుందా?

జవాబు: దుర్భిణి

ఇద్దరి కక్ష్యలనూ మన చంద్రుడి కక్ష్యలాగే ఐదు డిగ్రీల మేర వాల్చండి, అప్పుడు ప్రతిసారీ పట్టదు. అయితే గ్రహానికి దగ్గరగా ఉన్నవారికి నీడ వెడల్పుగా ఉంటుంది. నడిపిమామ దూరం పెద్దమామ దూరంలో సగం కంటే కొంచెమే ఎక్కువ కనుక, ఆయనకు గ్రహణాలు పెద్దమామ కంటే గణనీయంగా తరచుగా వస్తాయి. కొన్ని జోడుపున్నములలో నడిపిమామ ఒక్కడే ఎర్రబారుతాడు, అరుదుగా ఇద్దరూ కలిసి మునుగుతారు. కక్ష్యలు గ్రహకక్ష్యను దాటే బిందువులు కాలక్రమంలో జరుగుతూ ఉంటాయి కాబట్టి, కథకు కావలసిన గ్రహణాన్ని ముందు నిర్ణయించుకుని ఆ బిందువులను వెనక్కి లెక్కకట్టుకోవచ్చు. మీకు కావలసిన సంవత్సరం చెబితే నేను కూర్చుని లెక్క వేసి పెడతాను.